దొరసాని రహస్యం: వందేండ్ల కిందటి స్నో సిన్మా

మొన్న ఒక పెండ్లి మాటల కాడ కూసున్న. పిల్ల డిగ్రీ చదివింది, మండల కేంద్రంల ప్రైవేటు బడిల పాఠాలు చెప్తది. పిలగాని తరఫు పెద్దమనిషి మస్తు మర్యాదగనే అన్నడు: "అక్కా, పిల్ల గుణం మంచిదే. పేరు పెట్టనీకి ఏం లేదు. కాకపోతే జరంత రంగు తక్కువ. ఇంకో రెండు తులాలు చూస్కోండ్రి." పిల్ల తండ్రి ఎదురు మాట్లాడలే. తల కిందికేసుకున్నడు. నేను కొట్లాడిన, గది తర్వాతి ముచ్చట. నన్ను ఇప్పటికీ సలుపుతున్నది ఒక్కటే. ఆ మాట అననీకి ఆ మనిషికి సిగ్గెందుకు కాలే? మార్కెట్ల మిర్చి రంగు చూసి క్వింటాలుకు ధర తెంపినట్టు తెంపిండు. ఆడపిల్ల తోలు రంగుకు గిట్ల రేటు కట్టుడు మనకు ఎవరు నేర్పిండ్రు?

"ఇదేం కొత్తనా, తాతల కాలం నుంచి ఉన్నదే గదా" అంటరు. నిజమే, కొంత ఉన్నది. ఎండల పని చేసెటోన్ని తక్కువ, నీడపట్టున కూసునెటోన్ని ఎక్కువ చూసిన సమాజం మనది. దాని మీదికెల్లి తెల్లదొరలు వచ్చి కూసున్నరు. కానీ అదే సమాజంల కృష్ణుడు నలుపే, రాముడు నలుపే. ద్రౌపదికి ఇంకో పేరు కృష్ణ, అంటే నల్లనిదనే. నలుపు నారాయణుడు మెచ్చు అని మన ముసలోళ్ళు ఇప్పటికీ అంటరు. అంటే మన మనసుల రెండూ ఉండె. అందుల ఒక్కదాన్నే ఏరి, డబ్బల పెట్టి, మూత బిగించి, రేటు రాసి అమ్ముడు మాత్రం కొత్త పని. ఆ పని ఎక్కడ మొదలైందో చూద్దామని పాత ప్రకటన సిన్మాలు వెతుక్కుంట పోయిన. నేను సిన్మా చదువు చదివినదాన్ని కాదు. రాత్రిపూట ఫోన్‌ల చూసుకుంట, దొరికింది చదువుకుంట తెలుసుకున్నదే ఇక్కడ చెప్తున్న.

సబ్బుతోని పుట్టిన సిన్మా

1895 డిసెంబర్‌ల పారిస్‌ల లూమియేర్ అన్నదమ్ములు టికెట్ పెట్టి సిన్మా చూపిచ్చిండ్రు. ఆర్నెల్లు దాటంగనే, 1896 జులై 7 నాడు, అది బొంబాయి వాట్సన్ హోటల్ దాంక వచ్చింది. సరిగ్గ అదే ఏడు స్విట్జర్లాండ్‌ల లావాంషీ క్లార్క్ అనే ఆయన ఒక చిన్న రీలు తీసిండు. ఆడోళ్ళు తొట్ల కాడ నిలబడి బట్టలుతుకుతుంటరు. గంతే కథ. కానీ చూసేటోళ్ళ కండ్ల ముందట సన్‌లైట్ సబ్బు పేరున్న పెట్టెలు కనపడేటట్టు పెట్టిండ్రు. ఎందుకంటే లావాంషీ క్లార్క్ చేతిల రెండు పనులున్నయి. లూమియేర్ మిషన్‌తోని సిన్మాలు తీసి చూపెట్టే హక్కు ఒకటి, సన్‌లైట్ సబ్బును అక్కడ అమ్మే బాధ్యత ఇంకోటి. చూసేటోళ్ళకు అది బట్టలుతికే సిన్మా. కంపెనీకి అది సబ్బు పెట్టె సిన్మా. ఆ సన్‌లైట్ సబ్బే 1888ల కలకత్తా రేవుల దిగి మన దేశంల కాలు పెట్టింది.

దీన్ని బట్టి ఒక ముచ్చట సమజైతది. సిన్మా ముందు పుట్టి, ప్రకటన తర్వాత వచ్చి దాని నడుమ జొరబడలే. రెండూ ఒక్క కడుపుల పుట్టిన కవలలు. అయితే ఆ సబ్బు సిన్మా బట్టల మురికి గురించే మాట్లాడింది. మనిషి ముఖం దాంక రానీకి ఇంకో పాతికేండ్లు పట్టింది.

మంచు పేరు పెట్టుకున్న క్రీము

జర్మనీల హాంబర్గ్ పట్నంల బయర్స్‌డార్ఫ్ అనే కంపెనీ ఉన్నది. దాని యజమాని ఆస్కార్ ట్రోప్లోవిట్జ్. మందుల దుకాణం చదువు చదివినోడు. నూనె, నీళ్ళు కలిస్తే నిలువయ్ గదా. పులుసు మీద నూనె తేలినట్టు ఎడబాస్తయి. ఐజాక్ లిఫ్షుట్జ్ అనే రసాయన శాస్త్రవేత్త గొర్రె బొచ్చుకుండే జిడ్డు నుంచి ఒక పదార్థం తీసిండు. అది నూనెను, నీళ్ళను విడిపోకుంట పట్టి ఉంచుతది. దాని పేరు యూసెరిట్. పాల్ ఉన్నా అనే చర్మ వైద్యుడు దీంతోని పని జరుగుతదని గుర్తువట్టిండు. 1911 డిసెంబర్‌ల ఆ ముగ్గురి తెలివితోని ఒక తెల్లటి క్రీము తయారైంది. మన కురుమోళ్ళ గొంగడికి అంటుకునే జిడ్డు అసొంటిదే దాని మూలం అంటే నాకు నవ్వొచ్చింది.

ఆ క్రీముకు పెట్టిన పేరు నివియా. లాటిన్ భాషల మంచును నిక్స్ అంటరు. దాన్నుంచి వచ్చిన మాట ఇది, మంచు లెక్క తెల్లనిది అని అర్థం. క్రీము తెల్లగుంది, అందుకే ఆ పేరు. ఇక్కడిదాంక తప్పేం లేదు.

ఈడ ఒక్క క్షణం ఆగి మన ఇంటి దిక్కు చూడండ్రి. మా అమ్మమ్మ ముఖానికి రాసుకునే ఏ క్రీమునైనా "స్నో" అనేది. "స్నో రాసుకొని పౌడర్ కొట్టుకొని తయారైంది" అనే మాట మీ ఇంట్ల గూడ వినే ఉంటరు. హేజలిన్ స్నో, అఫ్గాన్ స్నో అని డబ్బలు వచ్చేటివి, ఆ పేర్లే మన నోట్ల నాటుకున్నయి. స్నో అంటే గూడ మంచే. ఎండకాలం తారు రోడ్డు కరిగే తెలంగాణల, ఎన్నడూ మంచు కురవని ఊర్లల్ల, ముఖానికి రాసుకునే దానికి మంచు పేరు వచ్చి కూసున్నది. కంపెనీలు వేరు, దేశాలు వేరు. పేరు మాత్రం ఒక్కటే. ఆ పేరుల రంగు గూడ ఒక్కటే.

దొరసాని సిన్మా

ఇగ అసలు సిన్మా కాడికి వద్దాం. 1922ల నివియా కోసం ఒక చిన్న ప్రకటన సిన్మా తీసిండ్రు. జర్మన్ పేరును మన మాటల చెప్పాలంటే "దొరసాని రహస్యం". తీపిచ్చినాయన జూలియస్ పిన్షెవర్. జర్మనీల ప్రకటన సిన్మాను ఒక వ్యాపారంగ నిలబెట్టినోడు. మొదటి ప్రపంచ యుద్ధానికి ముందు నుంచే ఈ పనిల ఉన్నడు. తీసింది లోటె రైనిగర్. 1899ల బెర్లిన్‌ల పుట్టిన పిల్ల. అంటే ఈ సిన్మా నాటికి ఇంకా ఇరవై రెండో, ఇరవై మూడో ఏండ్లే.

ఆమె పని కత్తెరతోని. నల్ల కాగితం కత్తిరించి బొమ్మలు చేసి, చేతులు కాళ్ళు కదిలేటట్టు కీళ్ళ కాడ అతికేది. ఆ బొమ్మలను అద్దం మీద పండబెట్టి, కింద దీపం, పైన కెమెరా పెట్టేది. బొమ్మను ఇసుమంత జరిపి ఒక ఫొటో, మళ్ళ ఇసుమంత జరిపి ఇంకో ఫొటో. నిమిషం సిన్మాకు వెయ్యికి పైన ఫొటోలు తియ్యాలె. మన తోలుబొమ్మలాట చూసినోళ్ళకు ఇది జల్ది సమజైతది. మనోళ్ళు తోలును పల్చగ గీకి రంగులేస్తరు, ఎనుక దీపం పెడితే ఆ రంగులు తెర మీద మెరుస్తయి. రైనిగర్ బొమ్మలకు రంగుల్లేవు, నల్లటి నీడలే. 1926ల ఆమె ఇదే పద్ధతిల "యువరాజు అహ్మద్ సాహసాలు" అనే పూర్తి నిడివి సిన్మా తీసింది. ఇయ్యాల మనకు మిగిలిన పూర్తి నిడివి బొమ్మల సిన్మాలల్ల అన్నిటికంటే పాతది అదే. అంత పెద్ద కళాకారిణి, బతుకుతెరువు కోసం ప్రకటనలు గూడ చేసింది. అందుల ఇదొకటి.

కథ చిన్నది. పాతకాలం జమీందారీ దొరసాని ఉంటది. ఆమె సక్కదనం చూసి ఒక దొర ఎంబడి పడ్తడు. నీ అందం రహస్యం ఏందని అడుగుతడు. ఆమె చెప్పే జవాబు: నివియా. సిన్మా అయిపోయె.

ఇందుల ఒక ముచ్చట నన్ను ఆపేసింది. రైనిగర్ బొమ్మలు ఎప్పుడూ నలుపే ఉంటయి, ఎనుక తెర వెలుగు ఉంటది. ఈ సిన్మాల మాత్రం తిరగేసిండ్రు. తెర నలుపు. మనుషులు తెలుపు. క్రీము పేరు మంచు గదా, దానికి తగ్గట్టు దొరసానిని మంచు లెక్క చేసిండ్రు. పనితనంగ చూస్తే మస్తుంది. కానీ చీకట్ల కూసుని చూసేటోని కంటికి ఏం మిగులుతది? సక్కనిదంతా తెల్లగుంది, నలుపు అనేది ఎనుక తెర మాత్రమే. నలుపుకు కథ లేదు, ముఖం లేదు.

నా లెక్కల ఈ చిన్న రీలుల మూడు మేకులున్నయి. మొదటి మేకు: ఆడామె అందాన్ని తూకం వెయ్యనీకి ఒక మొగోడు ఎదురుంగ నిలబడాలె. రెండో మేకు: అందం అనేది పుట్టుకతోని వచ్చిన ముచ్చట కాదు, అదొక రహస్యం. ఎవరికో తెలుసు, నీకు తెల్వదు. మూడో మేకు: ఆ రహస్యం దుకాణంల దొరుకుతది. ఈ మూడు మేకులకు తగిలేసి ఏ డబ్బనైనా అమ్మొచ్చు. వందేండ్ల నుంచి అమ్ముతనే ఉన్నరు.

రంగు కాదు, తీరిక

ఇప్పుడు అసలు కిటుకు చెప్తా ఇనుండ్రి. 1920లు పోయి 1930లు వచ్చేసరికి అక్కడ గాలి మారింది. ఎండల తిరిగి గోధుమ రంగుకు వచ్చిన ఒళ్ళు అందం, ఆరోగ్యం అని మొదలైంది. అదే నివియా నీలి డబ్బ ప్రకటనలల్ల సముద్రం ఒడ్డు, ఎండ, ఆటలు వచ్చినయి. ఎండల పండుకునే ముందు రాసుకోనీకి నూనె గూడ అమ్మిండ్రు. నిన్న మంచు లెక్క తెల్లగున్న దొరసాని, ఇయ్యాల ఎండకు కమిలిన పిల్లైంది!

ఎందుకు మారింది? జనమంతా పొలాలల్ల ఎండకు పనిచేసినప్పుడు, నీడపట్టున కూసునే తీరిక దొరలకే ఉండె. అందుకే అప్పుడు తెలుపు గొప్ప. జనం ఫ్యాక్టరీలల్ల, ఆఫీసులల్ల పొద్దంత లోపల పనిచెయ్యవట్టినంక, సముద్రం ఒడ్డున ఎండల పండుకునే తీరిక ఉన్నోళ్ళకే ఉండె. అప్పుడు గోధుమ రంగు గొప్ప. అంటే ప్రకటన ఎన్నడూ రంగును అమ్మలే. పని చెయ్యని మనిషి గుర్తును అమ్మింది. ఏ కాలంల ఏ రంగు తీరికకు గుర్తైతదో, గదే అందం అని చెప్పింది.

మన కాడ ఎండల పని ఇంకా అయిపోలే. నాట్లు, కలుపులు, ఉపాధి పని, ఇటుక బట్టీలు అన్నీ ఎండలనే. అందుకే మన కాడ ఇంకా తెలుపే అమ్ముడు పోతున్నది. రంగు పుట్టుకతోని వస్తది, ఎండతోని ఇంకింత ముదురుతది. కానీ ఆ రంగును తక్కువ చూసే చూపు మాత్రం పనిని తక్కువ చూసే చూపే, కులాన్ని తక్కువ చూసే చూపే. ఆ పెద్దమనిషి అడిగిన రెండు తులాలు నా దృష్టిల అందానికి కట్టిన ధర కాదు. ఎండల పనిచేసెటోళ్ళ బిడ్డవని వేసిన జుర్మానా.

ఇంకో ముచ్చట గూడ చెప్పాలె. 1933ల హిట్లర్ గద్దెనెక్కంగనే పోటీ కంపెనీలు నివియాను యూదుల క్రీము అని, జర్మన్లు దాన్ని ముట్టొద్దని ప్రచారం చేసినయి. కంపెనీ నడిపే యూదు పెద్దలు కుర్చీలు ఇడిచి పెట్టాల్సి వచ్చింది. యూదుడైన పిన్షెవర్ స్విట్జర్లాండ్ పోయిండు. రైనిగర్ గూడ ఆ ఏండ్లల్లనే దేశం ఇడిచింది. క్రీము సిన్మా వల్ల హిట్లర్ రాలే, ఆ మాట నేను అనను. కానీ శుద్ధి, అశుద్ధి అని మనుషులను ఏరుడు మొదలైతే, తెల్లటి మంచు క్రీము చేసినోళ్ళను గూడ అది ఇడిచిపెట్టలేదు.

మన తెర మీదికి వచ్చిన దొరసాని

మన దేశంల సిన్మా తారలతోని సబ్బులు అమ్ముడు బ్రిటిషోళ్ళ కాలంలనే మొదలైంది. 1941ల లీలా చిట్నిస్ లక్స్ సబ్బు ప్రకటనల కనపడ్డది. మన సిన్మా తారలల్ల ఆ సబ్బుకు మొదటామె ఆమెనే. 1975ల ఫెయిర్ అండ్ లవ్లీ మార్కెట్లకు వచ్చింది. 1976 జనవరి 1 నుంచి దూరదర్శన్‌ల ప్రకటనలు మొదలైనయి. ఈ రెండు ముచ్చట్లు పక్కపక్కన పెట్టి చూడండ్రి. థియేటర్ దాంక పోలేని ఇంటికి గూడ దొరసాని వచ్చే తొవ్వ పడ్డది. మా చిన్నప్పుడు ఊర్లె ఒక్క టీవీ ఉండె. మహాభారతం మొదలయ్యేదాంక ఊరంత ఆ ప్రకటనలే చూసేది. తెర మీద ద్రౌపది వచ్చేముందు, నల్లగుంటే బతుకు లేదని చెప్పే ముచ్చట వచ్చేది.

ఆ ప్రకటనలల్ల మూడు మేకులు ఎతుకుండ్రి, దొరుకుతయి. తూకమేసే మొగోడు ఉంటడు. ఒకసారి పెండ్లికొడుకు, ఒకసారి తండ్రి, ఒకసారి నౌకరి ఇచ్చే సారు. రహస్యం ఉంటది, స్నేహితురాలు చెవుల చెప్తది. దుకాణం ఉంటది. రైనిగర్ సిన్మాల లేనిది ఒక్కటి ఇక్కడ కలిపిండ్రు. ఒకే ముఖం వరుసగా నాలుగైదు రంగులల్ల, ముదురు నుంచి లేత దాంక. ఎనుక తెరగ ఉన్న నలుపు ఇప్పుడు మన బిడ్డ ముఖం మీదికి వచ్చింది. దాన్ని తుడుచుకుంట పొమ్మన్నరు.

ఒక ప్రకటనల తండ్రి నాకు కొడుకుంటే ఎంత బాగుండునని బాధపడ్తడు. నల్లగున్న బిడ్డ అది విని, క్రీము రాసుకొని, తెల్లబడి, విమానంల నౌకరి కొడ్తది. ఐద్వా ఆడోళ్ళు దీని మీద కొట్లాడిండ్రు, జాతీయ మానవ హక్కుల కమిషన్ దాంక పోయిండ్రు. 2003ల కంపెనీ అసొంటి ప్రకటనలను ఆపుకోవాల్సి వచ్చింది. ఆడోళ్ళు అడిగితే తెర గూడ మారుతదని అప్పుడు తెలిసింది. 2014ల ప్రకటనల ప్రమాణాల మండలి గూడ ఒక నియమం పెట్టింది: నల్లగున్నోళ్ళను అందం లేనోళ్ళుగ, బాధల ఉన్నోళ్ళుగ చూపొద్దని. 2020 ఫిబ్రవరిల తెల్లబరిచే మందుల అబద్ధపు ప్రకటనలకు జైలు, 50 లక్షల దాంక జుర్మానా అని కేంద్రం చట్ట సవరణ ముసాయిదా పెట్టింది. అదే ఏడు అమెరికాల జార్జ్ ఫ్లాయిడ్‌ను పోలీసులు చంపినంక లోకమంత లేస్తే, ఫెయిర్ అండ్ లవ్లీ పేరుల "ఫెయిర్" పోయి "గ్లో" వచ్చింది. నివియా గూడ 2017ల తెలుపే శుద్ధి అనే అర్థమొచ్చే ప్రకటన పెట్టి, తిట్లు పడి, తీసేసింది. 95 ఏండ్లయినా దొరసాని ఎక్కడికీ పోలేదన్నట్టు!

పేరు మార్పు చిన్న గెలుపే, కాదనను. కానీ ముసాయిదా చట్టం కాదు, పేరు మారితే చూపు మారదు. "గ్లో" అన్న మాటకు మన ఇండ్లల్ల ఇప్పటికీ తెలుపు అనే అర్థం చెప్పుకుంటున్నరు.

డబ్బల ఏముంది, ఏం లేదు

"ఇష్టమున్నోళ్ళు రాసుకుంటరు, నీకేం కష్టం?" అని అడిగేటోళ్ళున్నరు. క్రీము రాసుకునుడు మీద నాకు పంచాది లేదు. చలికాలం నా మడిమెలు పగిలితే నేనూ రాస్తా. క్రీములున్న నూనె, తోలులున్న తడి ఆరిపోకుంట కాపాడుతది. అదీ దాని అసలు పని, ఆ పని మంచిగనే చేస్తది. కానీ తోలుకు రంగిచ్చేది మెలనిన్. అది లోపల కణాలల్ల తయారైతది, ఎండ దెబ్బ లోపలికి తగలకుంట అడ్డం నిలబడే గొడుగు అది. మన ఎండలకు మనకు పుట్టుకతోని వచ్చిన గొడుగును తీసేస్త అని అమ్ముతున్నరు. మామూలు క్రీములు నిజంగ ఆ గొడుగును తియ్యలేవు. అందుకే పిల్లలు ఇంకా గట్టి వాటికి పోతున్నరు.

భయం అక్కడనే. నేను ఆడపిల్లల హాస్టళ్ళల్ల మీటింగులకు పోతుంట. తలగడ కింద ట్యూబులు కనపడ్తయి. చూస్తే అవి క్రీములు కాదు, స్టెరాయిడ్ మందులు. కొన్ని తోలు రోగాలకు డాక్టర్ చూసి కొద్ది రోజులకే రాసేటివి. నెలలకొద్ది ముఖానికి రాస్తే తోలు పల్చబడ్తది, ఎర్రబడ్తది, మొటిమలు లేస్తయి, ముఖం మీద వెంట్రుకలు మొలుస్తయి. ఆపితే ఇంకింత మంట. డాక్టర్ చీటి లేకుంట అమ్మొద్దని 2018ల కేంద్రం 14 స్టెరాయిడ్ పూత మందుల మీద ఆంక్ష పెట్టింది. అయినా దొరుకుతనే ఉన్నయి. పేరు లేని ఊరు లేని డబ్బలల్ల పాదరసం కలిసేది ఇంకో ప్రమాదం, అది మూత్రపిండాల దాంక పోతది. మంచు పేరుతోని మొదలైన ముచ్చట, తోలు కాలేదాంక వచ్చింది.

మనం చెయ్యగలిగింది

"ఫిదా" సిన్మాల మన బాన్సువాడ పిల్లగ నటించిన సాయి పల్లవి, తెల్లబరిచే క్రీము ప్రకటన చెయ్యనని వద్దన్నది. ఆ సిన్మాల ఆమె మొటిమలతోనే కనపడ్డది, జనం ఆమెను నెత్తిన పెట్టుకున్నరు. జనం చెడ్డోళ్ళు కాదని, చూపెడితే చూస్తరని నాకు అప్పుడు ధైర్యమొచ్చింది.

అందుకే ఒక చిన్న పని చెప్తున్న. ఇంట్ల టీవీల, ఫోన్‌ల అందం ప్రకటన వచ్చినప్పుడు పిల్లలను పక్కన కూసోబెట్టుకొని మూడు ప్రశ్నలు అడుగుండ్రి. ఇందుల తూకమేస్తున్నది ఎవరు? రహస్యం అని దేన్ని అంటున్నరు? నలుపును ఏడ నిలబెట్టిండ్రు? చిన్న పిల్లలే టక్కున జవాబు చెప్తరు. మేకు కనపడ్డంక దానికి తగిలేసిన డబ్బ అంత తొందరగ అమ్ముడుపోదు.

ఇగ ఆ పెండ్లి ముచ్చట. నేను గట్టిగ మాట్లాడినంక ఆ పెద్దమనిషి రెండు తులాలు వద్దన్నడు. తండ్రి ముఖం ఇప్పారింది. కానీ లోపలి అర్రల కూసుని అంతా విన్న పిల్ల బయటికొచ్చి, "నాకీ సంబంధం వద్దు నాయినా" అన్నది. తండ్రి మళ్ళ తల కిందికేసుకున్నడు. ఈసారి నేను గూడ ఏం మాట్లాడలే. ఆమె మాట ఆమెనే చెప్పుకున్నది గదా.

నన్ను సాగనంపనీకి బస్టాండ్ దాంక ఆ పిల్ల వచ్చింది. ఈ పాత సిన్మా ముచ్చట చెప్పి ఫోన్‌ల చూపిచ్చిన. రెండుసార్లు చూసింది. "అక్కా, ఇది నాకు పంపు. మా తొమ్మిదో తరగతి పిల్లలకు చూపిస్త" అన్నది. పంపిన.